అరవై పైసల ఇల్లు

చోడవరంలో మేం కట్టుకున్న ఇల్లు పగలు పదకొండు గంటలకి ఎలా ఉంటుందో నాకు నాలుగేళ్ల దాకా తెలియదు. ఆదివారాలు ఉన్నాయి కదా అంటారు. ఆదివారం ఇంట్లో ఉండటం ఇంట్లో ఉండటం కిందకి రాదు. వారం బట్టలు, వారం బూజు, ఇడ్లీ పిండి, మావాడి యూనిఫాం బొత్తాలు, వీటి మధ్య ఇల్లెక్కడ కనపడుతుంది? మిగతా రోజుల్లో ఉదయం ఏడుంబావుకి స్కూలు వ్యాన్ ఎక్కితే సాయంత్రం ఐదున్నరకి దిగేదాన్ని. వేసవి సెలవుల్లో పిల్లలకి సెలవులు గానీ ప్రైవేటు స్కూలు టీచర్లకి కాదు. అడ్మిషన్ల కోసమని మమ్మల్ని ఆటోలో ఎక్కించి కె.కోటపాడు, రోలుగుంట చుట్టుపక్కల ఊళ్లన్నీ తిప్పేవారు. ఎండలో నిలబడి ఎవరింటి అరుగు మీదో మంచినీళ్లు తాగుతూ, ఇంట్లో ఉన్న ఆడవాళ్లని చూసి వీళ్లెంత అదృష్టవంతులో అనుకునేదాన్ని. వాళ్లు నా చేతిలో ఉన్న పెన్నూ ఫైలూ చూసి నా గురించి అదే అనుకునేవారు. ఎవరి తెలివితక్కువతనం వారిది.

నాకు ఉద్యోగం చెయ్యాలని లేదు. ఈ రోజుల్లో ఆడది ఈ మాట అనకూడదని తెలుసు. అయినా అంటున్నాను. నాకు బద్ధకం అంటే ఇష్టం. పిల్లలకి పాఠం చెప్పడం వచ్చు, బాగానే చెబుతానని పేరు కూడా ఉంది. అయినా నాకు కావలసిందల్లా, అందరూ వెళ్లిపోయాక వీధి తలుపు దగ్గరగా వేసి, గ్లాసులో కాఫీ పోసుకుని, ఏమీ చెయ్యకుండా కూర్చోవడం. అద్దె ఇంట్లో ఉన్నన్నాళ్లూ అలా కూర్చున్నాను. సొంత ఇల్లు వచ్చింది, ఆ కూర్చోవడం పోయింది.

అదెలా పోయిందో చెప్పాలంటే అరవై పైసల సంగతి చెప్పాలి.

మా ఆయన కె.కోటపాడులో మండలాఫీసులో పని చేస్తారు. మా మావయ్యగారిది రోలుగుంట దగ్గర పల్లె. అత్తయ్యగారు పోయాక, ఉన్న ఎకరంన్నర చెరకు తోట తమ్ముడికి చూసుకోమని అప్పజెప్పి మా దగ్గరికి వచ్చేశారు. చెరకు బిల్లు మాత్రం ఏటేటా మావయ్యగారి పేరునే వస్తుంది. మా ఆయన ఇంటి లోను సంగతి కనుక్కుని వచ్చిన సాయంత్రం మావయ్యగారు మడత మంచం మీద కూర్చుని వడ్డీ ఎంతని అడిగారు. ఏడూ పాయింట్ రెండు శాతం అన్నారీయన. నెలకా అని అడిగారాయన. కాదు, ఏడాదికి. మావయ్యగారు వేళ్ల కణుపుల మీద బొటనవేలు ఆనించి ఏదో లెక్క వేశారు. మళ్లీ వేశారు. అరవై పైసలు అన్నారు. అని, ఫ్యాన్ కేసి చూశారు.

మా వైపు వడ్డీని శాతాల్లో చెప్పుకోరు. నూటికి నెలకి ఎన్ని రూపాయలని చెప్పుకుంటారు. రూపాయి వడ్డీ అంటే ఇచ్చినవాడు దగ్గర చుట్టం. రెండు రూపాయలంటే మొహం ఎరిగినవాడు. మూడంటే అవసరం మనది. ఐదు రూపాయలంటే ఇంట్లో ఎవరో ఆస్పత్రిలో ఉన్నారని అర్థం. రూపాయి కన్నా తక్కువకి ఇవ్వాలంటే ఇచ్చేవాడికి మతి పోయి ఉండాలి. అరవై పైసలకి ఇచ్చేవాడు మావయ్యగారి డెబ్బై ఏళ్ల బతుకులో తగల్లేదు. అలాంటివాడు బజార్లో బ్రాంచి పెట్టుకుని, ఏసీ వేసుకుని, జీతానికి మనుషుల్ని కూర్చోబెట్టి మరీ ఇస్తున్నాడంటే ఆయనకి నమ్మబుద్ధి కాలేదు.

"అరవై పైసలంటే ఊరికినే ఇచ్చినట్టే గదరా. ఎంతిస్తానంటే అంతా తీసీసుకో," అన్నారు చివరికి.

మేం అనుకున్నది పన్నెండు లక్షలు. కింద రెండు గదులు, హాలు, వంటిల్లు. ఊరికే ఇస్తున్నప్పుడు పన్నెండుతో ఎందుకు ఆపాలని పైన పోర్షన్ కూడా వేద్దామన్నారు. గ్రానైట్ అన్నారు. మెట్లకి స్టీలు రైలింగ్ అన్నారు. ఇరవై లక్షలయింది. పదేళ్లకా, పదిహేనేళ్లకా, ఇరవయ్యేళ్లకా అని బ్యాంకు వాళ్లు అడిగితే, చవగ్గా దొరికిన దాన్ని ఎక్కువ కాలం ఉంచుకోవడమే తెలివి అని ఇరవయ్యేళ్లు పెట్టించారు. కిస్తీ నెలకి పదిహేను వేల ఏడు వందల చిల్లర. ఆ వారమే పక్క వీధిలో ఉన్న ఒకావిడ తమ స్కూల్లో టీచరు పోస్టు ఖాళీ ఉందని చెప్పింది. జీతం పదహారు వేలు.

ఆ రెండు అంకెలూ ఒకదాని పక్కన ఒకటి పడగానే ఇంట్లో అందరూ నా కేసి చూశారు. మావయ్యగారే నా మొహం చూసి, నన్ను దగ్గరికి పిలిచారు.

"పదేళ్లు ఓపిక పట్టమ్మా. ఏటేటా సెరుకు బిల్లు తెచ్చి అందులో పడేస్తాం. ఇరవయ్యేళ్ల అప్పు పదేళ్లలో తీరిపోతాది. తీరిన నాడు నువ్వు ఉజ్జోగం మానీసి ఇంట్లో కూకో. నాది పూచీ."

ఆయన ఊరికే అనలేదు. ఆయన మాటకి పల్లెలో విలువ ఉంది. నేను ఆ పదేళ్లని పట్టుకున్నాను. ముప్ఫై ఆరేళ్లు అప్పటికి నాకు, నలభై ఆరుకి తీరిపోతుంది. నలభై ఆరు కూర్చోవడానికి మంచి వయసే అనుకున్నాను. మోకాళ్లు ఉంటాయి, కళ్లు ఉంటాయి.

గృహప్రవేశం బాగా జరిగింది. వచ్చినవాళ్లంతా గ్రానైట్ మీద చెయ్యి రాసి చూసి, వడ్డీ ఎంతకి తెచ్చారని అడిగారు. మావయ్యగారు అందరికీ అరవై పైసలని చెప్పారు. కొందరికి రెండుసార్లు చెప్పారు. భోజనాల దగ్గర పప్పు కన్నా దాని గురించే ఎక్కువ మాట్లాడుకున్నారు.

మొదటి ఏడు చెరకు బిల్లు లక్షన్నర వచ్చింది. మావయ్యగారు అన్నమాట ప్రకారం డబ్బు తెచ్చి టేబుల్ మీద పెట్టారు. లోనులో పడేద్దామన్నారు కూడా. సరిగ్గా ఆ సాయంత్రమే మా చిన్నమావయ్యగారు, అంటే మావయ్యగారి తమ్ముడు, పల్లె నుంచి వచ్చారు. తన తోటలో బోరు తీయించాలట, మోటారు పెట్టాలట. బయట అడిగితే రెండు రూపాయలకి తక్కువ లేదంటున్నారట. అంత వడ్డీ ఏం కడతానని బాధపడుతూ అరటిపళ్ల గెలలోంచి ఒక హస్తం తీసి మావాడి చేతిలో పెట్టారు.

మా ఆయనకి అప్పుడు వెలిగింది. ఈయనకి ఏదైనా వెలిగినప్పుడు కుర్చీలోంచి లేస్తారు. లేచి నిలబడి మాకందరికీ విడమరిచి చెప్పారు. అరవై పైసలకి తెచ్చాం. బాబాయికి రూపాయిన్నరకి ఇస్తాం. బాబాయికి బయట కన్నా అర్ధరూపాయి తక్కువ, మనకి నూటికి తొంభై పైసలు మిగులు. చెమట పట్టకుండా, గడప దాటకుండా. చవకైన అప్పుని ముందే తీర్చేవాడు వెర్రివాడు. ఇదీ ఆయన లెక్క. ఈ లెక్కలో ఎక్కడా తప్పు కనపడలేదు నాకు. మావయ్యగారికీ కనపడలేదు. పల్లెలో అందరూ చేసేది అదే, ఎక్కువ వడ్డీ బాకీ ముందు తీరుస్తారు, తక్కువ వడ్డీది ఎంతకాలం కుదిరితే అంతకాలం అట్టే పెడతారు.

"బేంకు డబ్బుతో బేంకు మీదే సంపాదన," అని మావయ్యగారు కొడుకుని చూసి మురిసిపోయారు.

డైనింగ్ టేబుల్ మీద నోటు రాసుకున్నారు. రెవెన్యూ స్టాంపు అతికించి దాని మీద చిన్నమావయ్యగారు సంతకం చేశారు. నేను ఉల్లిపాయ పకోడీలు వేశాను. అందరం సంతోషంగా తిన్నాం. ఆ రాత్రి నుంచి మేం ఒకళ్లకి అప్పున్నవాళ్లమే కాదు, ఒకళ్లకి అప్పిచ్చినవాళ్లం కూడా. ఆ రెండోదే మాకు బాగా గుర్తుండేది.

రెండో ఏటి బిల్లుతో వంటింటికి కబోర్డులు చేయించారు. మూడో ఏటి బిల్లుతో మా ఆయన కొత్త బండి కొన్నారు, బిల్లు చాలక మిగిలింది వాయిదాల్లో. ప్రతిసారీ నేను లోను సంగతి ఎత్తడం, అరవై పైసల అప్పుకి తొందరేం వచ్చిందని ఈయన అనడం, అదీ నిజమేననిపించి నేను ఊరుకోవడం. వంటింట్లో కబోర్డులు బాగానే ఉంటాయి. పొద్దున్న చీకటితో తలుపులు తీస్తాను, రాత్రి వేస్తాను.

ఈ లోపల వడ్డీ రేట్లు పెరిగాయి. బ్యాంకు చెప్పకుండా చేసిందేమీ లేదు, మా ఆయన ఫోనుకి ఇంగ్లిషులో మెసేజ్‌లు పంపింది. అందులో మూడు ముక్కలుండేవి. మీ రేటు పెరిగింది, మీ కిస్తీలో మార్పు లేదు, మీరు కట్టాల్సిన నెలలు ఇన్ని అయ్యాయి. ఈయన రెండో ముక్క దగ్గర ఆగిపోయేవారు. ఆఫీసులో ఎవరికో కిస్తీ రెండు వేలు పెరిగిందని తెలిసి పాపం అనుకున్నారు. మన బ్యాంకు మంచిది, రేటు పెరిగినా మన కిస్తీ ముట్టుకోలేదని నాతో అన్నారు. మంచితనానికి కృతజ్ఞతగా ఆ బ్యాంకులోనే మావాడి పేరున కూడా ఖాతా తెరిచారు.

నాలుగేళ్లు నిండాక ఒకరోజు బ్యాంకు నుంచి ఫోన్ వచ్చింది. లోనులో నా పేరు కూడా ఉంది కాబట్టి కేవైసీకి నేనే రావాలన్నారు. స్కూల్లో అడిగితే, ఎగ్జామ్స్ ముందు సెలవేంటని హెడ్మాస్టరు మొహం ముడుచుకుని, మొత్తానికి ఒక పూట ఇచ్చారు. లోను సెక్షన్లో కూర్చున్న అమ్మాయి చిన్నది, మా స్కూల్లో చదివి వెళ్లిన పిల్లల వయసు. ఆధార్ తీసుకుంది, వేలిముద్ర తీసుకుంది, సంతకాలు పెట్టించుకుంది. పనయిపోయింది. నేను సంచీ సర్దుకుంటూ, ఊరికే, వానలు పడుతున్నాయా అని అడిగినట్టు, ఏ చెరకు బిల్లూ అందులో పడలేదని తెలిసినా మావయ్యగారి పదేళ్లనే పట్టుకుని, ఇంకా ఆరేళ్లేగా అమ్మా మా లోను అన్నాను.

ఆ అమ్మాయి ఏదో టైపు చేసి చూసింది. నా కేసి చూసింది. మళ్లీ చూసింది.

"ఇంకా ఇరవై రెండేళ్ల తొమ్మిది నెలలుంది మేడమ్."

అది మాది కాదు, ఇంకెవరిదో చూస్తున్నావన్నాను. ఆ అమ్మాయి మా ఆయన పేరు చదివింది, మా వీధి పేరు చదివింది, ఇంటి నంబరు చదివింది. మాదే. అయితే మేం నాలుగేళ్లు కట్టింది కలపలేదేమో అన్నాను. కలిపాకే మేడమ్ అంది. మేం తీసుకున్నదే ఇరవయ్యేళ్లకి కదా, నాలుగేళ్లు కట్టాక ఇరవై రెండేళ్లు ఎలా ఉంటుందమ్మా, నేను స్కూల్లో చెప్పేది సోషలే గానీ తీసివేతలు వచ్చు నాకు అన్నాను. ఆ అమ్మాయి నవ్వలేదు. నవ్వి ఉంటే బాగుండును. మానిటర్ నా వైపు తిప్పి, ఓపిగ్గా, వేలు పెట్టి చూపిస్తూ చెప్పింది.

మొదటి నెల నేను కట్టిన పదిహేను వేల ఏడు వందల్లో పన్నెండు వేలు వడ్డీకి పోయింది. అసలులోంచి తగ్గింది మూడు వేల చిల్లర. రేటు పెరిగాక ఆ మూడు వేల చిల్లర కూడా దిగిపోయి రెండు వేల దగ్గరికి వచ్చింది. కిస్తీ పెరగనప్పుడు పెరగాల్సింది ఇంకెక్కడో పెరుగుతుంది మేడమ్, నెలల్లో పెరిగింది, అంది. నాలుగేళ్లలో మేం కట్టింది ఏడున్నర లక్షలు. ఇరవై లక్షల్లో తగ్గింది లక్షా ముప్ఫై వేలు. ఇలాగే కట్టుకుంటూ పోతే ఇరవై లక్షల ఇంటికి చివరికి ఎంతవుతుందని అడిగాను. యాభై లక్షలు దాటుతుందంది. అప్పటికి నాకు అరవై రెండు దాటుతాయి. ఇది ఆ అమ్మాయి చెప్పలేదు, నేనే వేసుకున్నాను.

ఇంకొక్కటి అడగకుండా ఉండాల్సింది. మొదటి ఏడే లక్షన్నర తెచ్చి ఇందులో వేసి ఉంటే ఏమయ్యేదని అడిగాను. ఆ అమ్మాయి లెక్క కట్టి, దగ్గర దగ్గర ఐదున్నరేళ్లు తగ్గేవి మేడమ్ అంది. నాకు పకోడీలు గుర్తొచ్చాయి.

బయటికొచ్చి బ్యాంకు మెట్ల మీద నిలబడ్డాను. ఎవరి మీద కోపం తెచ్చుకోవాలో తెలియలేదు. బ్యాంకు దాచిందేమీ లేదు. మావయ్యగారు మోసం చెయ్యలేదు. ఆయన ఎరిగిన అప్పులన్నీ చెరకు నాటినప్పుడు తెచ్చి చెరకు కొట్టాక తీర్చేవి. ఏడాదికో, రెండేళ్లకో అయిపోయే అప్పులో పైసలు ఎన్నో చూసుకుంటే చాలు. ఆ పైసలు ఇరవయ్యేళ్లు నడిస్తే ఎంత దూరం పోతాయో మా ఇళ్లల్లో ఎవరూ చూడలేదు, అంతకాలం ఎవరూ అప్పివ్వలేదు గనక. మేం పైసలు లెక్కపెట్టాం, ఏళ్లు లెక్కపెట్టలేదు. ఆ ఏళ్లు మాత్రం అందరివీ కావు. ఆ వ్యాన్ ఎక్కేది నేనొక్కదాన్నే.

మధ్యాహ్నం దాకా స్కూలుకి వెళ్లక్కర్లేదు. ఇంటికి నడిచాను. గేటు తీసే ఉంది. హాల్లో టీవీ మోగుతోంది, చూసేవాళ్లు లేరు. మావయ్యగారు ఎక్కడా అని చూస్తే మా పడగ్గదిలో ఉన్నారు. మా మంచం మీద, నేను పడుకునే వైపు, గోడకి తిరిగి నిద్రపోతున్నారు. కిటికీ బార్లా తీసి ఉంది. ఆ కిటికీ నేనెప్పుడూ తియ్యను, రాత్రి దోమలొస్తాయని. దాంట్లోంచి వెనకాల చెరకు తోటల మీదుగా గాలి వస్తోంది. పల్చటి ఎండ గచ్చు మీద పడి అలమార దాకా పాకింది. గది ఎంత బాగుందంటే, ఒక్క క్షణం వేరేవాళ్ల ఇంట్లోకి వచ్చాననుకున్నాను.

చప్పుడికి ఆయన లేచి కూర్చున్నారు. కోడలి మంచం మీద పడుకున్నందుకు సిగ్గుపడి దుప్పటి సర్దడం మొదలుపెట్టారు.

"ఈ ఇంట్లో గాలి ఏ టయానికి ఏ గదిలోకొస్తాదో నీకు తెల్దమ్మా. పదింటి దాకా వరండాలో ఉంటాది. పది దాటితే ఒంటిగంట దాకా ఈ గదే. ఆనక మెట్ల మీదకెల్లిపోతాది," అన్నారు, తప్పు ఒప్పుకుంటున్నవాడిలా.

నాకు ఏడుపొచ్చింది. యాభై లక్షలనగానే రాలేదు, ఇరవై రెండేళ్లన్నప్పుడు కూడా రాలేదు. ఆ గాలి అంత బాగుంటుందని నాకెవరూ చెప్పలేదు. నాలుగేళ్లుగా అది రోజూ వచ్చి పోతోంది. మావయ్యగారు కంగారుపడి, ఏటైనాదమ్మా, గుంటడికేటైనా అయిందా అని మావాడి గురించి అడిగారు. వాడికేం కాలేదని చెప్పి, అక్కడే మంచం చివర కూర్చుని, బ్యాంకు అమ్మాయి చెప్పిందంతా చెప్పాను. ఆయన మళ్లీ వేళ్ల కణుపుల మీద లెక్క మొదలుపెట్టారు. రెండో చెయ్యి కూడా తీశారు. కాసేపటికి రెండు చేతులూ ఒళ్లో పెట్టేసుకున్నారు. పదేళ్లన్నాను గదా అని మాత్రం అన్నారు, చాలా నెమ్మదిగా.

సాయంత్రం మా ఆయనకి చెబితే మొదట నమ్మలేదు. ఫోనులో పాత మెసేజ్‌లు తీసి మూడో ముక్క దాకా చదివారు. చదివి, చాలాసేపు చెప్పులు కూడా విప్పకుండా కూర్చున్నారు. ఆ తర్వాత, ఈయన మనిషి కాబట్టి, ధైర్యం తెచ్చుకున్నారు. మన దగ్గర బాబాయి నోటు ఉంది కదా అన్నారు. లక్షన్నరకి మూడేళ్ల వడ్డీ ఎనభై ఒక్క వేలు కలిపి ఇప్పుడది రెండు లక్షల ముప్ఫై ఒక్క వేలు. వచ్చే వారం తిరగరాస్తే దాని మీద మళ్లీ రూపాయిన్నర. కుర్చీలోంచి లేవబోయి నా మొహం చూసి కూర్చుండిపోయారు.

నోటుకి మూడేళ్లే చెల్లుబాటు. మా వైపు మూడేళ్లు నిండే ముందు అందరూ కూర్చుని, పాతది చింపేసి, వడ్డీని అసలులో కలిపి కొత్త నోటు రాసుకుంటారు. డబ్బు ఎక్కడిదక్కడే ఉంటుంది, నోటు మాత్రం పెద్దదవుతుంది. ఇచ్చినవాడికి తృప్తి, పుచ్చుకున్నవాడికి ఊపిరి. అనుకున్న రోజుకి చిన్నమావయ్యగారు జేబులో రెవెన్యూ స్టాంపు, చేతిలో అరటిపళ్లు పట్టుకుని వచ్చారు. బోరు మొదటి ఏడు బాగానే పోసిందట, ఇప్పుడు తగ్గిందట. నేను పకోడీలు వెయ్యలేదు. మంచినీళ్లిచ్చి అక్కడే నిలబడ్డాను. ఇలాంటివాటి దగ్గర నేను మాట్లాడటం అదే మొదలు.

"నోటు తిరగరాయొద్దు చిన్నమావయ్యగారూ. వడ్డీ మాకొద్దు, ఒక్క పైసా వద్దు. అసలు ఇచ్చీండి చాలు."

ఆయన నొచ్చుకున్నారు. నా మీద నమ్మకం లేదా అన్నట్టు అన్నగారి వైపు చూశారు. మా ఆయన నేల చూపులు చూస్తున్నారు. ఎనభై ఒక్క వేలు కళ్ల ముందే పోతున్నాయి ఆయనకి. ఇప్పటికిప్పుడు అంత డబ్బు ఎక్కడిదన్నారు చిన్నమావయ్యగారు. కాదనలేం, నిజంగానే లేదు. అప్పుడు మావయ్యగారు కల్పించుకున్నారు.

"ఈ యేడు నీ సెరుకు బిల్లు రాగానే ఇచ్చీరా. నాను ఆ పిల్లకి మాటిచ్చేను. నా మాట పోతన్నాది."

చిన్నమావయ్యగారు స్టాంపు మళ్లీ జేబులో పెట్టేసుకున్నారు. అరటిపళ్లు మాత్రం వదిలి వెళ్లారు. ఎప్పుడూ చేతికి రాని డబ్బు పోయినందుకు మా ఆయన రెండు రోజులు సరిగా అన్నం తినలేదు. మూడో రోజు వంకాయ కూర చేస్తే తిన్నారు.

బిల్లు వచ్చాక చిన్నమావయ్యగారు అన్నమాట నిలబెట్టుకున్నారు. లక్షన్నర తెచ్చి అన్నగారి చేతిలో పెట్టారు. మావయ్యగారి బిల్లు ఆ ఏడు తక్కువ వచ్చింది, కార్శి తోట, అంటే కిందటేడు కొట్టిన మోళ్ల నుంచే మళ్లీ మొలిచింది కావడంతో, పెట్టుబడి పోగా మిగిలిందేం లేదు. మా ఆయన బండి వాయిదాలు అప్పటికే అయిపోయాయి కాబట్టి, ఇకమీదట తన జీతంలోంచి నెలకి రెండు వేలు నా కిస్తీకి కలుపుతానన్నారు. నేను అడక్కుండానే అన్నారు. ఆ మాట ఆయనకి కష్టంగానే ఉందని తెలుసు, అందుకే మంచిగా అనిపించింది. ఇద్దరం కలిసి బ్యాంకుకి వెళ్లాం. ఆ అమ్మాయే ఉంది. డబ్బు అసలులో వేసి, కిస్తీ పెంచి, కొత్తగా ఎన్ని నెలలో చూసింది. నేను కుర్చీ అంచు మీద కూర్చున్నాను.

"పద్నాలుగేళ్లు మేడమ్," అంది.

మా ఆయన నా చెయ్యి పట్టుకుని ఊపేశారు. దగ్గర దగ్గర తొమ్మిదేళ్లు తగ్గాయి కదా. ఆ సాయంత్రం నుంచి ఆఫీసులో, బజార్లో, టీ కొట్టు దగ్గర, మేం తొమ్మిదేళ్లు సంపాదించామని చెప్పుకుంటున్నారు. ఎవరైనా లోను తీసుకుంటున్నామంటే ఆపి మరీ, మెసేజ్‌లో మూడో ముక్క చదవమంటున్నారు. నిజమే, తొమ్మిదేళ్లు చిన్నదేం కాదు. నాకూ సంతోషమే. కానీ మావయ్యగారి మాట ప్రకారం ఉండాల్సింది ఆరు, ఉన్నది పద్నాలుగు. నలభై ఆరు అనుకున్నది యాభై నాలుగయింది. ఈ తీసివేత నేను ఎవరితోనూ అనలేదు. అంటే ఈయన సంతోషం పోతుంది, దానివల్ల నా నెలలేమీ తగ్గవు.

బ్యాంకు నుంచి ఈయన ఆఫీసుకి వెళ్లిపోయారు. నేను ఆ రోజు పూట సెలవు పెట్టలేదు, రోజంతా పెట్టాను. ఎందుకని హెడ్మాస్టరు అడిగితే, ఇంట్లో పని ఉందన్నాను. ఇంటికి వచ్చేసరికి పదకొండు కావస్తోంది. హాల్లో టీవీ కట్టేసి ఉంది. పడగ్గదిలో కిటికీ తీసి ఉంది. కిటికీ పక్కన మావయ్యగారి ప్లాస్టిక్ కుర్చీ, ఆయన పగలంతా వదలని కుర్చీ, శుభ్రంగా తుడిచి వేసి ఉంది. ఆయన మాత్రం బయట మెట్ల మీద కూర్చున్నారు, ఎండలో, తలమీద తువ్వాలు వేసుకుని. అక్కడికి గాలి రావడానికి ఇంకా రెండు గంటలుంది.

కాఫీ కలుపుకుని, ఆయనకో గ్లాసు తీసుకెళ్లి ఇచ్చాను. ఎన్నేళ్లన్నారని అడిగారు. పద్నాలుగు అన్నాను. ఆయన గ్లాసు రెండు చేతులతో పట్టుకుని కిందకి చూశారు. లోపలికి రండి, ఎండగా ఉంది అన్నాను.

"ఒద్దమ్మా. నువ్వు కూకోవలిసిన నాలుగేళ్లూ నాను కూకున్నాను," అన్నారు.

లోపలికి వెళ్లి ఆ కుర్చీలో కూర్చుని కాఫీ తాగాను. గాలి వచ్చింది. ఎండ గచ్చు మీద పాకుతూ అలమార దాకా వెళ్లింది. ఏమీ చెయ్యలేదు. పక్కింట్లో మిక్సీ చప్పుడు, దూరంగా అనకాపల్లి బస్సు హారన్, అంతే. ఒంటిగంట అయ్యేసరికి కర్టెన్ కదలడం మానేసింది. ఆయన చెప్పినట్టే గాలి మెట్ల మీదకి వెళ్లింది. నేనూ వెళ్లాను. ఆయన కాస్త పక్కకి జరిగి నాకు చోటిచ్చారు. మావాడు స్కూలు నుంచి వచ్చేదాకా ఇద్దరం అక్కడే కూర్చున్నాం.

మర్నాడు ఏడుంబావుకి వ్యాన్ వచ్చింది, ఎక్కాను.